సాగనంపే హక్కు ఎవరిది?

జానపద విజ్ఞానం పేపర్లో చావు ఆచారాల పాఠం నడుస్తున్నప్పుడు మేడం మనకు ఒక పాత ఫ్రెంచ్ సినిమాలోంచి కొంత భాగం చూపించారు, గుర్తుందా? పశ్చిమ ఆఫ్రికాలోని మాలి దేశం. నిటారుగా నిలబడ్డ కొండ, దాన్ని అంటుకుని మట్టి ఇళ్ళు. 1971లో చనిపోయిన ఒక పెద్దాయన కోసం ఊరి మగవాళ్ళు తుపాకులూ ఈటెలూ పట్టుకుని ఉత్తుత్తి యుద్ధం చేస్తున్నారు. ఎదుట శత్రువు ఎవరూ లేరు. వాళ్ళు తలపడుతున్నది చావుతోనే. ఆ పెద్దాయనకు 120 ఏళ్ళు దాటాయని అక్కడివాళ్ళ లెక్క.

సినిమా అయిపోయాక మన క్లాసులో రెండు మాటలు వినబడ్డాయి. వెనక బెంచీ నుంచి "అబ్బ, ఎంత మూఢనమ్మకం!" అని ఒకటి. ముందు బెంచీ నుంచి "ఎంత గొప్ప సంస్కృతి!" అని ఇంకొకటి. ఇంతలో బెల్లు కొట్టారు, అందరం క్యాంటీనుకు పోయాం.

నాకు ఆ రెండు మాటలూ చాలలేదు. సినిమా నడుస్తున్నంతసేపూ నేను వెతికింది ఒక్కటే: ఆడవాళ్ళు ఎక్కడున్నారు, ఏం చేస్తున్నారు? ఎందుకు వెతికానో దాచుకోవడం దేనికి? పోయిన ఏడాది మా అవ్వ పోయింది. మా అమ్మ ఆమెకు ఒక్కతే బిడ్డ. అవ్వ మంచాన పడ్డ నాలుగేళ్ళూ ఎత్తి దించింది అమ్మ. కొరివి పెట్టింది మాత్రం ఎప్పుడో పెళ్ళిళ్ళలో కనబడే ఒక దూరపు మామ. పాడె లేచాక వీధి మొగదల దాకా వెళ్ళి అమ్మ ఆగిపోయింది. ఆగమన్నారు, ఆగింది. అప్పటి నుంచి నాకు ఏ చావు ఆచారం గురించి చదివినా ఈ ప్రశ్నే ముందు వస్తుంది.

అందుకని లైబ్రరీలో దొరికినంత చదివాను. చదివినదాంట్లోంచి నాకు తోచింది మీ ముందు పెడుతున్నాను.

ఆ సినిమాలోని జనం పేరు డోగోన్లు. మాలిలోని బాండియాగరా కొండ అంచున, దాని పైన ఉన్న రాతి పీఠభూమి మీద, కింద ఉన్న ఇసుక మైదానంలో వాళ్ళ ఊళ్ళు ఉన్నాయి. ఆ కొండ అంచు సుమారు 150 కిలోమీటర్ల పొడవు. 1989లో యునెస్కో ఆ ప్రాంతాన్ని ప్రపంచ వారసత్వ స్థలాల జాబితాలో చేర్చింది. డోగోన్లు రాకముందు అక్కడ తెల్లెం అనే జనం ఉండేవాళ్ళు. వాళ్ళు తమ మృతుల్ని కొండ గుహల్లో ఉంచేవాళ్ళు. తర్వాత వచ్చిన డోగోన్లు కూడా అదే కొండకు తమవాళ్ళని అప్పజెప్పారు. శవాన్ని బట్టలో చుట్టి, బావోబాబ్ అనే లావుపాటి చెట్టు నారతో పేనిన తాళ్ళు కట్టి, ఎత్తున ఉన్న గుహలోకి లాగుతారు. కింద బతికినవాళ్ళ ఊరు, పైన పోయినవాళ్ళ ఊరు. పొద్దున లేచి తలెత్తితే తాతముత్తాతలు ఉన్న చోటు కనబడుతుంది.

అయితే గుహకు చేర్చడంతో పని అయిపోదు. తర్వాత ఊరంతా కలిసి చేసే అంత్యక్రియలు ఉంటాయి: మనం చూసిన ఉత్తుత్తి యుద్ధం, తుపాకుల మోత, ఏడుపులు, పోయిన మనిషి ఎలా బతికాడో చెప్పుకోవడం. దాని తర్వాత, కొన్నేళ్ళకు 'దామా' వస్తుంది. ఒక్క చావుకు ఒక్క దామా అని లేదు. ఆ మధ్య కాలంలో పోయినవాళ్ళు పలువురికి కలిపి చేస్తారు. రెండు మూడేళ్ళకు చేసే ఊళ్ళున్నాయి, పదేళ్ళు దాటాక చేసే ఊళ్ళూ ఉన్నాయి. తిండిగింజలు కూడాలి, ఖర్చు కూడాలి, మనుషులు కూడాలి. అప్పుడు ముసుగులు బయటికొస్తాయి.

ఈ ముసుగులు పదుల రకాలు. 'కనగా' ముసుగుకు తల మీద రెండు అడ్డకర్రలు ఉంటాయి. ఆడేవాడు నడుము వంచి తల తిప్పితే కొయ్య కొస నేలను తాకుతుంది. 'సిరిగే' ముసుగు ఒకే చెట్టు కొయ్యతో చెక్కింది, దాదాపు 5 మీటర్ల ఎత్తు దాకా ఉంటుంది. దాన్ని పళ్ళతో బిగించి పట్టుకుని, మెడ బలంతో మోస్తూ ఆడాలి. పోయినవాళ్ళ ఇంటి మిద్దెల మీద కూడా ముసుగులు ఆడతాయి. ఇంకా ఊరిని విడవలేక తిరుగుతున్న ప్రాణాన్ని ఊరు దాటించి పితరుల దగ్గరికి పంపడం ఈ ఆట పని. దామా ముగిస్తే మైల తీరుతుంది, దుఃఖానికి గడువు తీరుతుంది. అంతవరకూ పోయిన మనిషి 'చచ్చినవాడు' మాత్రమే. దామా తర్వాతే 'పితరుడు' అవుతాడు.

ఇందులో నాకు బాగా నచ్చిన సంగతి ఒకటుంది. చావగానే ఎవరూ పూజ్యులైపోరు. బతికున్నవాళ్ళు గింజలు కూడబెట్టి, ముసుగులు చెక్కి, రోజుల తరబడి ఆడితేనే పెద్దలలో కలుస్తారు. దుఃఖం మనిషి ఒంటరిగా మోసి, ఒంటరిగా దించుకోవాల్సిన బరువని వాళ్ళు అనుకోలేదు. "ఇంకా ఎన్నాళ్ళు ఏడుస్తావు, లే" అని ఏ ఒక్కరూ అనక్కర్లేదు. ఆ రోజు ఎప్పుడో ఊరే చెబుతుంది.

వంశం పెద్ద ఇంటిని వాళ్ళు 'గిన్నా' అంటారు. (మన వంటింటి గిన్నెకూ దీనికీ సంబంధం లేదు లెండి!) ముందు గోడ నిండా గూళ్ళుండే ఆ ఇంట్లోనే పితరుల పీఠం, మట్టి పాత్రలు ఉంటాయి. వాటిలో సజ్జల పానీయం పోస్తారు. వంశంలో కొత్తగా పుట్టిన బిడ్డను పోయిన ఒక పెద్దకు జతచేసే ఆచారం కూడా ఉందని పరిశోధకులు రాశారు. ఆ పెద్దకు నైవేద్యం చూసుకునే బాధ్యత ఆ బిడ్డదే. అంటే అక్కడ పితరులంటే ఏటా ఒకరోజు తలుచుకునే పేర్లు కారు. ఇంట్లో చోటు, దాహం, వారసుడు ఉన్నవాళ్ళు.

ఇక నా ప్రశ్నకు వస్తాను. ముసుగులు చెక్కేదీ, కట్టేదీ, ఆడేదీ మగవాళ్ళే. ముసుగుల సంఘం పేరు 'అవా'. సున్తీ అయిన మగవాళ్ళకే అందులో చోటు. ఆడవాళ్ళు ముసుగుల దగ్గరికి రాకూడదు, ముట్టకూడదు. వస్తే గర్భానికి ప్రమాదమని నమ్మకం. దూరం నుంచి చూడొచ్చు, అంతే. అవా వాళ్ళకు 'సిగి సో' అనే రహస్య భాష కూడా ఉంది. పోయినవాళ్ళని ఉద్దేశించి, ముసుగుల్ని ఉద్దేశించి ఆ భాషలో మాట్లాడతారు. అది కూడా మగవాళ్ళు నేర్చుకునేదే.

మరి దామా దేనితో నడుస్తుంది? సజ్జ బీరుతో. అది లేకుండా అంత్యక్రియలు లేవు, నైవేద్యం లేదు, ఆట లేదు. గింజలు నానబోసి, మొలకెత్తించి, ఎండబెట్టి, విసిరి, పెద్ద కుండల్లో గంటల తరబడి కాచి, పులియబెట్టి తయారుచేసేది ఆడవాళ్ళు. ఊరంతటికీ, వచ్చే పొరుగూళ్ళ చుట్టాలకూ సరిపడా కాచాలంటే నీళ్ళు ఎన్ని మోయాలో, కట్టెలు ఎన్ని తేవాలో ఆలోచించండి. ఆ మెట్ట నేల మీద నీళ్ళు మోసేదీ వాళ్ళే. సాగనంపడానికి కావలసిన పని వాళ్ళది, సాగనంపే అధికారం వాళ్ళది కాదు.

ఇక్కడిదాకా అయితే "అన్ని చోట్లా ఇంతే" అని వదిలేసేదాన్ని. వదలనివ్వనిది వాళ్ళ సొంత కథే. డోగోన్లు చెప్పుకునేదాని ప్రకారం ముసుగులు మొదట దొరికింది ఒక ఆడమనిషికి. కొండల్లో ఉండే ఆండుంబులు అనే చిన్న దేవతల ఎర్రటి నార దుస్తులు ఆమె చేతికొచ్చాయి. వాటిని తొడుక్కుని ఆమె ఊళ్ళోకి వస్తే మగవాళ్ళు హడలిపోయారు. తర్వాత రహస్యం తెలుసుకుని మగవాళ్ళు వాటిని లాగేసుకున్నారు. అప్పటి నుంచి భయపెట్టేది వాళ్ళు, భయపడేది ఆడవాళ్ళు. ఈ సంగతిని డోగోన్లు దాచిపెట్టలేదు. 'సతింబే' అనే ముసుగు నెత్తిన చేతులు పైకెత్తిన ఒక స్త్రీ బొమ్మ నిలబడి ఉంటుంది. ముసుగులు మొదట దొరికిన ఆమెకు గుర్తు అది. దాన్ని కట్టుకుని ఆడేది మాత్రం మగవాడు! పడుచుపిల్ల ముసుగు, ఫులాని స్త్రీ ముసుగు కూడా ఉన్నాయి. వాటినీ మగవాళ్ళే రొమ్ములు కట్టుకుని ఆడతారు. ఆడవాళ్ళు లేకుండా ఆ ఆట పూర్తి కాదు, కానీ ఆడవాళ్ళు ఆడకూడదు.

ఒక్క మినహాయింపు ఉంది. అరవై ఏళ్ళకోసారి 'సిగి' అనే మహా ఉత్సవం వస్తుంది. లోకంలో మొట్టమొదటి చావును తలుచుకునే పండగ అది. మొదట్లో మనుషులకు చావు లేదట. ముసలితనం వస్తే పాముగా మారిపోయేవారట. పాము అయ్యాక మనిషి మాట మాట్లాడకూడదు. తప్పు చేస్తున్న కుర్రాళ్ళని చూసి ఒక పెద్ద ఆగలేక మామూలు భాషలో తిట్టాడట. ఆ ఒక్క మాటతో కట్టు తప్పి చచ్చిపోయాడట. అతని కోసం పాము ఆకారంలో చెక్కిందే 'పెద్ద ముసుగు'. సిగి జరిగే కాలంలో పుట్టిన కొందరు ఆడపిల్లల్ని 'యాసిగినే' అంటారు, అంటే ముసుగులకు అక్కచెల్లెళ్ళు. స్త్రీలలో ముసుగుల సంఘంతో సంబంధం ఉండేది వాళ్ళకే. ఆటగాళ్ళకు నీళ్ళూ బీరూ అందించేది వాళ్ళే. తలుపు ఒకసారి తెరుచుకున్నా, లోపల అప్పజెప్పింది మళ్ళీ కుండే అన్నమాట.

ఇలా రాస్తే మీరు వేయబోయే ప్రశ్నలు నాకు తెలుసు. మొదటిది: "వాళ్ళ ఆచారం వాళ్ళది, ఇక్కడ కూర్చుని తీర్పు చెప్పడానికి మనమెవరం?" న్యాయమైన ప్రశ్నే. బయటివాళ్ళు డోగోన్ల గురించి చెప్పిన మాటల్లో బోలెడు తప్పులున్నాయి. 1976లో ఒక ఇంగ్లీషు పుస్తకం వచ్చింది. కంటికి కనబడని ఒక నక్షత్రం గురించి డోగోన్లకు తెలుసని, అది వేరే గ్రహం నుంచి వచ్చినవాళ్ళు చెప్పి ఉంటారని అందులో రాశారు. ఈనాటికీ ఎక్కువమంది డోగోన్లను తలుచుకునేది ఆ నక్షత్రం కథతోనే. 1991లో వాల్టర్ వాన్ బీక్ అనే పరిశోధకుడు, తాను ఏళ్ళ తరబడి అక్కడ పనిచేసినా మామూలు డోగోన్లలో ఆ నక్షత్ర జ్ఞానం కనబడలేదని రాశాడు. ఆకాశం నుంచి ఎవరో దిగి రావాలా, వాళ్ళ గొప్పతనానికి? అరవై ఏళ్ళ లెక్క తప్పకుండా ఒక పండగను తరం నుంచి తరానికి అందించిన జనం వాళ్ళు. కాబట్టి బయటి నుంచి మాట్లాడేటప్పుడు జాగ్రత్త కావాలి, ఒప్పుకుంటాను.

కానీ నేను తెచ్చిన ప్రశ్న బయటిది కాదు. ముసుగులు ఆడమనిషివని చెప్పింది వాళ్ళ కథే. ఆ బొమ్మని నెత్తిన పెట్టుకుని ఆడుతున్నది వాళ్ళ సతింబేనే. తన దగ్గర ఏం లాక్కున్నారో సాక్ష్యంతో సహా దాచిపెట్టుకున్న ఆచారం అది. ఆ సాక్ష్యాన్ని చదవడం అవమానించడం ఎలా అవుతుంది? ఇంకో సంగతి కూడా చూడండి. 2012కు ముందు, సాంగా చుట్టుపక్కల ఊళ్ళలో డబ్బు కట్టిన టూరిస్టుల కోసం ముసుగుల ఆట ఆడేవాళ్ళు. ఆ టూరిస్టుల్లో ఆడవాళ్ళూ ఉండేవాళ్ళు, దగ్గర్నుంచి ఫొటోలు తీసుకునేవాళ్ళు. 1967 నుంచి జరిగిన సిగిని జాఁ రూష్ వరుసగా సినిమాలు తీశాడు, ఆయనతో కలిసి ఆ పని చేసింది జెర్మేన్ డీటర్లెన్ అనే పరిశోధకురాలు. అంటే నియమం ఆడవాళ్ళందరికీ కాదు, ఆ ఊరి ఆడవాళ్ళకి. అది దేవుడు పెట్టిన నియమమైతే అంత తేలిగ్గా సడలుతుందా?

రెండో ప్రశ్న: "ఆచారమే పోయేలా ఉంటే, ఇప్పుడా ఆడా మగా అని తగాదా?" ఇది ఇంకా గట్టి ప్రశ్న. పోయిన సిగి 1967లో యూగో ఊళ్ళో మొదలై ఏడేళ్ళ పాటు ఊరి నుంచి ఊరికి నడిచింది. లెక్క ప్రకారం తర్వాతది 2027లో రావాలి. ఈ అరవై ఏళ్ళలో డోగోన్లలో చాలామంది ముస్లిములయ్యారు, కొందరు క్రైస్తవులయ్యారు. 2012లో ఉత్తర మాలిలో మొదలైన సాయుధ పోరు తర్వాతి ఏళ్ళలో ఈ కొండల దాకా పాకింది. పశువులు మేపుకునే ఫులానీలకూ, సేద్యం చేసే డోగోన్లకూ మధ్య నెత్తురు పారింది. 2019 మార్చిలో ఒగోస్సాగు అనే ఫులాని ఊళ్ళో 150 మందికి పైగా చంపేశారు. అదే ఏడాది జూన్‌లో సోబానే దా అనే డోగోన్ ఊరి మీద పడి పదుల మందిని చంపారు. ఊళ్ళు ఖాళీ చేసి పట్నాలకు పోయినవాళ్ళు ఎందరో. మిద్దె లేని చోట ముసుగు ఎక్కడ ఆడాలి? సజ్జ పండని ఏడు కుండ ఎలా పొంగాలి? అలా పోయినవాళ్ళందరికీ దామా ఎవరు చేయాలి?

ఇది చదివినప్పుడు నాకు నిజంగా బాధేసింది. అయినా ప్రశ్నలు పక్కన పెట్టమంటే నేను ఒప్పుకోను. చెల్లాచెదురైన ఊరు మళ్ళీ కూడినప్పుడు ఏది ఉంచుకోవాలి, ఏది మార్చుకోవాలి అని ఎవరో ఒకరు తేలుస్తారు. ఆ మాట అనేటప్పుడు కుండల దగ్గరున్న వాళ్ళను కూడా పిలుస్తారా, లేదా? ఆచారం ఆరోగ్యంగా ఉన్నప్పుడు "ఇన్నేళ్ళుగా ఉన్నది, మార్చకూడదు" అంటారు. ప్రమాదంలో ఉన్నప్పుడు "ఇప్పుడు వద్దు, ముందు కాపాడుకుందాం" అంటారు. మరి అడగడానికి మంచి రోజు ఎప్పుడు? జవాబు చెప్పాల్సింది డోగోన్ ఆడవాళ్ళే, నేను కాదు. వాళ్ళని అడగాలని మాత్రమే అంటున్నాను.

మూడో ప్రశ్న మీలో ఒకరు నన్ను కారిడార్‌లోనే అడిగారు: "వాళ్ళకూ మనకూ పోలికేంటే?" పోలిక చెప్పడం లేదు. వాళ్ళ చావు వేరు, మన చావు వేరు. కానీ ఇది చదివాక మా ఇంట్లో జరిగిన ఒక సంగతి నాకు ఇంకోలా కనబడింది.

అవ్వ పెద్దకర్మ నాడు మిద్దె మీద కాకికి ముద్ద పెట్టారు. కాకి రాలేదు. అరగంట చూశారు, గంట చూశారు. మామ పిలిచాడు, పెద్దవాళ్ళు పిలిచారు. "ముసలామెకు ఏదో కోరిక మిగిలిపోయింది" అన్నారు. చివరికి ఎవరో "కూతుర్ని పిలవండి" అన్నారు. అరవై మందికి వండుతున్న అమ్మ చేతులు తుడుచుకుంటూ వంటింట్లోంచి పైకి వచ్చింది. "అమ్మా, నాకేం భయం లేదు, నువ్వు తిను" అంది. కాసేపటికి కాకి దిగింది. అందరూ "హమ్మయ్య" అన్నారు. అమ్మ మళ్ళీ కిందికి దిగి, పాయసం అడుగంటిందేమోనని చూసుకుంది.

కాకి ముట్టనప్పుడు కూతురి మాట కావాలి. నిప్పు పెట్టేటప్పుడు కూతురి చెయ్యి వద్దు. ఎవరూ ఆ రోజు ఇది వింత అనుకోలేదు, నేను కూడా అనుకోలేదు. సతింబే కథ చదివాకే తట్టింది. మనకు దగ్గరగా ఉన్నది కనబడటానికి ఒక్కోసారి అంత దూరపు కొండ ఎక్కాలేమో.

అందుకే ఆ రోజు క్లాసులో వినబడ్డ రెండు మాటలకూ నా జవాబు ఇది. మూఢనమ్మకం అని కొట్టిపారేస్తే, దుఃఖానికి ఊరంతా కలిసి గడువు కట్టే అంత మంచి ఏర్పాటు మన కంటికి ఆనదు. గొప్ప సంస్కృతి అని చప్పట్లు కొట్టి వచ్చేస్తే, కుండల దగ్గరున్న వాళ్ళు కంటికి ఆనరు. ఏ చావు ఆచారం గురించి చదివినా మూడు ప్రశ్నలు వేద్దాం: పని ఎవరిది? పేరు ఎవరిది? పోయిన మనిషితో చివరి మాట మాట్లాడే హక్కు ఎవరిది?

ఈ ఏడు ఆడి నెలలో అవ్వ సంవత్సరీకం వస్తుంది. బియ్యంలో రాళ్ళు ఏరుతున్న అమ్మకు సతింబే కథ చెప్పాను. అంతా విని, "ఆ బొమ్మ చేతులు పైకెందుకు ఎత్తింది?" అని అడిగింది. నాకు తెలియదన్నాను. "ఈసారి వంటకు మనిషిని పెడదాం, నేను మిద్దె మీదే ఉంటాను" అంది. మా ఇంట్లో పెద్దవాళ్ళు ఏమంటారో చూడాలి. నేనైతే అమ్మ పక్కన నిలబడతాను.

మీ ఇళ్ళలో చావు జరిగినప్పుడు ఆడవాళ్ళు ఏం చేశారు, ఎక్కడ ఆగారు, ఎవరు ఆగమన్నారు? మీ అమ్మనో అవ్వనో అడిగి రాసివ్వండి. ఈ సెమిస్టర్ క్షేత్ర పర్యటనలో మనం సేకరించేవాటితో కలిపి పెడదామని మేడం కూడా అన్నారు. నాతో ఒప్పుకోనివాళ్ళు తప్పకుండా రాయండి. గోడ మీద చోటు ఉంది.